సెకుండా

‘ఎల్డర్ స్క్రోల్స్’ వీడియో గేముల కల్పిత లోకం నిర్న్. దాని ఆకాశంలో ఇద్దరు చంద్రులు: ఎర్రగా, పెద్దగా ఉండేది మాసర్, పాలిపోయినట్టు చిన్నగా ఉండేది సెకుండా.

సెకుండా అచ్చమైన లాటిన్ మాట. ‘వెంట నడవడం’ అనే క్రియ నుంచి పుట్టి ‘రెండవది’గా స్థిరపడింది. గంటను అరవై ముక్కలు చేస్తే నిమిషం; నిమిషాన్ని మళ్లీ అరవై చేస్తే ‘రెండవ చిన్న భాగం’. మనం రోజూ అనే సెకను ఆ ‘రెండవ’లోంచి వచ్చిందే. పెద్ద చంద్రుడి వెంట నడిచే చిన్న చంద్రుడికి ఇంతకన్నా కుదిరిన పేరు నాకు తోచదు.

ఆ లోకంలోని పిల్లి రూపపు ఖజీత్ జాతి మాత్రం మాసర్‌ని జోడ్ అనీ, సెకుండాని జోన్ అనీ పిలుచుకుంటుంది. వాళ్లకు ఆ ఇద్దరిలో ఎవరూ రెండవవారు కారు. బిడ్డ పుట్టిన వేళ ఇద్దరు చంద్రుల కళలూ కలిసి రూపాన్ని నిర్ణయిస్తాయి: ఒకరు ఇంటిపిల్లంత, ఇంకొకరు స్వారీ చేయగలిగేంత. తిథి చూసి జాతకం రాయించుకునే మనకు ఈ ఊహ ఇట్టే అందుతుంది. చంద్రులు ఒకే వరుసలోకి వచ్చే అరుదైన ఘడియలో పుట్టినవాడు ‘మేన్’, ఆ జాతికి పెద్ద.