చెయ్యి కనిపించని దెబ్బ

హిప్‌హాప్‌లోని ట్రాప్ శైలి బీట్లు కట్టే కుర్రాళ్ల మీద పెద్దల ఫిర్యాదు ఒక్కటే: కంప్యూటర్లో డ్రమ్ కిట్ అనే చప్పుళ్ల ఫైళ్ల కట్ట తెరిచి, ఎవరో చేసిపెట్టిన కిక్కులూ స్నేర్లూ వరసగా పేరిస్తే అది వాయించడం ఎలా అవుతుంది? జంషెడ్‌పూర్‌లో ఈ మాటకు బలం ఎక్కువ. చుట్టుపక్కల పల్లెల్లో ధమ్సా ఇంకా మోగుతోంది మరి. ఇనుప రేకుతో చేసిన పెద్ద గిన్నెకు తోలు బిగిస్తే ధమ్సా. 1912లో, నేటి జంషెడ్‌పూర్‌లోని సాక్చీలో టాటా కొలిమి తొలి ఉక్కు దిమ్మెను పోసింది. ఆ కర్మాగారం పనుల కోసం వచ్చినవాళ్లలో మన తెలుగువాళ్లూ ఉన్నారు, బిష్టుపూర్‌లోని ఆంధ్ర భక్త శ్రీరామ మందిరమే సాక్ష్యం. అలాంటి ఇనుము ఊళ్లో, ఇనుప డోలు పక్కన, ఫైళ్ల డోలు నకిలీలా తోచడం సహజమే. కానీ కిట్ల చరిత్ర చూస్తే ఆ ఫిర్యాదు నిలవదు.

ఆ కిట్లలో వినిపించే కిక్కుల మూలం ఒక డ్రమ్ మెషీన్. 1980లో రోలాండ్ కంపెనీ టీఆర్-808 అనే ఆ యంత్రాన్ని తెచ్చింది. అందులో డ్రమ్ముల రికార్డింగ్ లేదు, సర్క్యూట్లే చప్పుడు పుట్టించేవి. అదే ఏడాది వచ్చిన లిన్ ఎల్‌ఎం-1 డ్రమ్ మెషీన్‌లో అసలు డ్రమ్ములను రికార్డు చేసిన శాంపిళ్లే ఉన్నాయి. దాని ముందు 808 ఆటబొమ్మలా వినిపించింది. 808లను సుమారు 12 వేలు చేసి, 1983లో ఆపేశారు. ఆ తర్వాత పాత సామాన్ల ధరకు దొరికిన ఆ పెట్టెలే కొత్త సంగీతానికి పనికొచ్చాయి. 808 కిక్కు తోక సాగదీస్తే దెబ్బ ఆగిపోదు, గుమ్మని సాగుతూ లోతుగా మోగుతుంది. ఆ మోత శ్రుతినే హెచ్చిస్తూ తగ్గిస్తూ అట్లాంటా ట్రాప్‌వాళ్లు బేస్ వాయించారు. 2020లో ప్లేబోయ్ కార్టీ 'హోల్ లాట్టా రెడ్' వచ్చాక, ట్రాప్‌లోనే రేజ్ అనే శాఖవాళ్లు ఆ మోతనే పగిలిపోయేదాకా వక్రీకరించారు. డోలును అనుకరించడంలో ఓడిపోయిన యంత్రం తనే ఒక వాద్యమైంది.

అందరి దగ్గరా అవే ఫైళ్లుంటే బీట్లన్నీ ఒకేలా ఉండవా అంటే, చాలావరకు ఉంటాయి, వినేవాళ్లకు తెలుసు. అయితే ధమ్సా కూడా ఊరూరా ఒకే రకం వాద్యమే కదా, తేడా కొట్టే చేతిలో ఉంది. స్వరాలను గీతలుగా చూపే పియానో రోల్ తెరలో హైహ్యాట్ తాళం గీతను మూడు ముక్కలు చేసి, చివరిదాన్ని వెంట్రుకవాసి వెనక్కి జరిపి, మొదటిదాని జోరు తగ్గించేది కూడా చెయ్యే. మౌసు పట్టుకున్నంత మాత్రాన చెయ్యి కాకుండా పోదు.

నాకు పట్టింపు మరోచోట ఉంది. 808ను ఎవరు చేశారో లోకానికి తెలుసు. కిట్లలో చేరిన ధమ్సా దెబ్బకో, మన డప్పు దెబ్బకో వాయించినవాడి పేరు కనిపించడం అరుదు. ఊరి పేరూ ఉండదు. 'ట్రైబల్ లో హిట్' అని రాసి వదిలేస్తే ఆ చెయ్యి నిజంగానే మాయమైనట్టే. జంషెడ్‌పూర్‌లో గానీ, కరీంనగర్‌లో గానీ కిట్ కట్టబోయే కుర్రాళ్లకు ఒక్క మనవి: వాయించినాయన పేరు ఫైలు పేరులో పెట్టండి, డబ్బు సంగతి రికార్డు చేయకముందే మాట్లాడుకోండి.