విందు మరునాటి ప్రశ్న

1960 నవంబరు 25. అమెరికాలో కృతజ్ఞతా దినోత్సవపు విందు ముగిసిన మరునాడు సి.బి.యస్. టెలివిజను 'హార్వెస్ట్ ఆఫ్ షేమ్' అను చిత్రమును ప్రసారము చేసినది. విందారగించిన వారికి, ఆ కాయగూరలు కోసిన వలస కూలీల బ్రతుకును ఎడ్వర్డ్ మర్రో చూపెను. ఫ్లారిడాలో తెల్లవారుజామున కూలీలను లారీల నెక్కించు దృశ్యము, చాలీచాలని కూలి, పిల్లల ఆకలి — ఇవన్నియు శాసనకర్తలు పట్టించుకొనవలసిన విషయములే యని చాటెను. చట్టములు చేయించుకొను బలము ఆ కూలీలకు లేదనియు, చూచువారికి ఉండవచ్చుననియు చెప్పి ముగించెను.

1961లో ప్రభుత్వ సమాచార సంస్థకు అధిపతియైన పిమ్మట, ఆ చిత్రమును ప్రసారము చేయవలదని ఆయనయే బి.బి.సి.ని కోరెను. బి.బి.సి. ప్రసారము చేసినది.

మైకు ముందు కూర్చుండు మాకు ఈ రెండవ ఘట్టమే పెద్ద పాఠము. ఆసనము మారినచో గొంతు మారవచ్చును. ఒకమారు వెలువడిన సత్యము మాత్రము, చెప్పినవాడే వలదన్నను వెనుకకు మరలదు.