సగపాలు ఊపిరి

బెజవాడనుండి కృష్ణను దాటి గుంటూరు త్రోవను మూడు నాలుగు క్రోసులు పోగానే మంగళగిరి కొండ కనబడును. ఆ కొండమీది పానకాల నరసింహస్వామి నోట శంఖముతో బెల్లపు పానకము పోయగా, గుటక చప్పుడు వినబడునంతవరకు స్వామి దానిని పుచ్చుకొని, చప్పుడాగగానే తక్కిన సగమును భక్తునికే ప్రసాదముగా విడిచిపెట్టునని డెల్టాలో పసిపిల్లలు కూడ చెప్పుదురు. ఆ కొండ దాపుననే మరియొక సగపాలు లెక్క చిరకాలము నడచినది. 2015 డిసెంబరులో శంకుస్థాపన జరిగి, నేడు అఖిలభారత వైద్యవిజ్ఞానసంస్థ భవనములు లేచిన నేలమీద పూర్వము క్షయరోగుల శానటోరియము ఉండెను. తమ ఊపిరిలో ఏ పాలు మిగులునో, ఏ పాలు పోవునో యని లెక్కించుకొనుటయే అట్టి చోట్ల రోగికి నిత్యవ్యాపారము.

ఊపిరితిత్తి కొంతమేర కుంగిపోయినదని ఎక్స్‌రే చూచి వైద్యుడు చెప్పగానే ఇంటిల్లిపాదికి గుండె జారిపోవు కాలమిది. కాని, ఆ తిత్తిని వైద్యుడే బుద్ధిపూర్వకముగా కుంగజేసి, అది మరల లేవకుండ సంవత్సరముల తరబడి కాపలా కాచిన కాలమొకటి ఉండెనని, ఆనాడు అదియే పరమచికిత్స యని, ఈ తరమువారిలో ఎరిగినవారు అరుదు.

మన భాషలో ఈ అవయవమునకు ‘తిత్తి’ యను పేరు ఊరక రాలేదు. కమ్మరి కొలిమితిత్తి తోలునకు చిల్లిపడినచో గాలి నిలువదు. ఊపిరితిత్తి విషయమున చిత్రమేమనగా, చిల్లి తిత్తికి పడినను, దానిని చుట్టియున్న గోడకు పడినను ఫలమొక్కటియే. తిత్తి స్వభావముచేత ముడుచుకొనజూచును. ప్రక్కటెముకల గోడ వెలుపలికి విచ్చుకొనజూచును. ఈ రెంటిని కప్పిన రెండు పలుచని పొరల నడుమ చెమ్మ మాత్రమే ఉండి, అక్కడి ఒత్తిడి వెలుపలి గాలి ఒత్తిడికంటె కొంచెము తక్కువగా నుండుటచేత, తిత్తి గోడను అంటిపెట్టుకొని విప్పారియుండును. ఆ సందులోనికి గాలి చొరబడెనా, పట్టు వదలి తిత్తి తనంతట తాను ముడుచుకొనును. ఈ స్థితికి ఫ్రాన్సులో ఇతార్ అను వైద్యుడు 1803లో న్యూమోథొరాక్స్ అని పేరిడగా, స్టెతస్కోపు కనిపెట్టిన లేనెక్ 1819లో దాని లక్షణములను విశదముగా వర్ణించెను.

దక్షుని శాపముచేత చంద్రుడు క్షీణించిన కథనుబట్టి మన పెద్దలు రాజయక్ష్మ మని పిలిచిన క్షయకు, క్రిములే కారణమని కాక్ అను శాస్త్రజ్ఞుడు బెర్లినులో ప్రకటించినది 1882లో. ఇటలీ వైద్యుడు ఫోర్లానీని తన విపరీతమైన ఆలోచనను బయటపెట్టినదియు ఆ సంవత్సరమే. క్షయరోగులలో ఎవరికైన దైవవశమున తిత్తి కుంగిపోయినప్పుడు, చావవలసినవారు కొందరు క్రమముగా కోలుకొనుట వైద్యులు గమనించియుండిరి. విరిగిన చేతికి బద్దకట్టి విశ్రాంతి నిచ్చునట్లు, పుండుపడిన తిత్తికి మాత్రము విశ్రాంతి యేల ఈయరాదు, అది ముడుచుకొన్నచో పుండు గోడలు ఒకదానినొకటి తాకి మానవా, అని అతని తర్కము. 1888లో మొదట ప్రయోగించి, 1894లో రోము మహాసభలో ఫలితములను చెప్పెను. అతడు వాడినది నత్రజని, పిమ్మట వచ్చినవారు మామూలు గాలితోనే పని నడపిరి.

ఆ విద్య తెలుగుదేశమునకు నాటి చిత్తూరు జిల్లాలోని మదనపల్లె చేరువ నున్న ఆరోగ్యవరమునకు వచ్చినది. పలు క్రైస్తవ మిషనులు చేరి 1912లో పునాది వేసి, 1915లో తెరచిన ఆ శానటోరియమునకు డెన్మార్కు వైద్యుడు క్రిస్టియన్ ఫ్రీమోట్-మోలర్ మొదటి అధిపతి. అతని పిమ్మట ఆ పీఠము నెక్కిన డాక్టరు పి. వి. బెంజమిన్ అనంతరకాలమున భారతప్రభుత్వమునకు క్షయవిషయమున సలహాదారు డయ్యెను. పొడిగాలి, ఎత్తైన నేల, మంచి తిండి, కదలని విశ్రాంతి క్షయకు హితవని నమ్మిన కాలమది. 1855 నాటికి కృష్ణ ఆనకట్ట పూర్తియై, కాలువలు పారి, వరిచేలతో నిత్యము చెమ్మగిల్లియుండు డెల్టావాసికి, 1899లో బెజవాడనుండి మద్రాసునకు పడిన రైలుదారి దక్షిణమున నున్న ఆ ఎత్తైన మెట్టనేలకు మార్గమయ్యెను. అన్నము పెట్టిన నీటినేలను విడిచి, ఊపిరికొరకు రాతినేలకు పోవలసివచ్చుట ఆనాటి గృహస్థునకు ఎంత కష్టమో ఊహింపవచ్చును.

ఏ.పీ. (ఆర్టిఫిషియల్ న్యూమోథొరాక్స్) యను పొడి అక్షరములతో వైద్యులు వ్యవహరించిన ఆ చికిత్స చూచుటకు మిక్కిలి సరళము. రోగిని మంచి ప్రక్కకు పండుకొనబెట్టి, చేయి తలపైకెత్తించి, చంకక్రింద ప్రక్కటెముకల నడుమ సూది గ్రుచ్చుదురు. సూదికి తగిలించిన గాజుగొట్టములో నీటిమట్టము ఉచ్ఛ్వాసనిశ్శ్వాసములతో ఊగినచో మొన చేరవలసిన సందు చేరినట్లు. జంటసీసాలలో ఒకదానినుండి నీరు రెండవదానికి దిగుచు, అందులోని గాలిని ముందునకు నెట్టగా, సుమారు 300 ఘనసెంటీమీటర్ల గాలి లోపలికి పోవును. ఆ గాలిని శరీరము మెల్లమెల్లగా పీల్చుకొనును గనుక మొదట కొలది దినములకు, పిమ్మట వారమునకు, రెండు మూడు వారములకు మరల నింపుచు, రెండు మూడేండ్లు, ఒక్కొక్కప్పుడు అంతకు మించి సాగింపవలసియుండును. పొరలు అతుకుకొనియున్నచో తిత్తి కుంగదు. ఆ అతుకులను ఛాతీలోనికి చూపుగొట్టము చొప్పించి కోయు ఉపాయమును స్వీడను వైద్యుడు యాకోబేయుస్ కల్పించెను. నీరు పట్టుట, చీము పట్టుట, గాలిబుడగ నెత్తుట కలిసి ప్రాణము తీయుట మొదలగు ఉపద్రవములు లేకపోలేదు. అయినను వేరొక దారి లేని దినములలో సగము ఊపిరి నమ్ముకొని తక్కిన సగమును కాపాడుకొనుట బేరముగానే తోచెను.

ఆ బేరమును కొట్టివేసినవి మందులు. 1943లో స్ట్రెప్టోమైసిన్, 1952లో ఐసోనియాజిడ్ వెలువడగా, 1956లో మద్రాసులో నెలకొల్పిన క్షయచికిత్సాపరిశోధనకేంద్రము ఇరుకిండ్లలోని పేదరోగులను రెండు పాళ్లుగా చేసి, ఒక పాలును శానటోరియములో, ఒక పాలును ఇంటనే ఉంచి ఒకే మందు లిచ్చి చూచి, ఇంటివారు శానటోరియమువారికి తీసిపోలేదని, వారి కుటుంబములకు అంటు హెచ్చలేదని 1959లో లోకమునకు చాటెను. దానితో కొండగాలికిని, మంచపు విశ్రాంతికిని గల మహిమ తగ్గెను. సూదియు జంటసీసాలును అలమర చేరెను.

చికిత్స పోయినను స్థితి పోలేదు. పూర్వము కోరి తెచ్చుకొన్నది నేడు కోరకయే వచ్చుచున్నది. పొడవుగా, సన్నగా నుండు యువకులకు, ముఖ్యముగా పొగత్రాగువారికి, తిత్తి పైకొసనున్న పొక్కు పగిలి హఠాత్తుగా ఒకప్రక్క పోటు, ఆయాసము, పొడిదగ్గు కలుగును. పాత క్షయ, పొగచే చెడిన ఊపిరి, రోడ్డు ప్రమాదమున విరిగిన ప్రక్కటెముక కూడ కారణములే. గాలి తిత్తి వెలుపల చేరకుండ, శ్వాసనాళము మూసుకొనిపోయి కుంగు విధము వేరు: శస్త్రచికిత్స పిమ్మట నొప్పికి భయపడి లోతుగా ఊపిరి తీయనివారికి కఫము అడ్డుపడుట, ఆడుచు నోట వేసికొన్న వేరుసెనగగింజ బిడ్డ శ్వాసనాళమున ఇరుకుకొనుట దీనికి ఉదాహరణములు. మొదటిదానికి గాలి తీయవలెను. రెండవదానికి అడ్డు తీయవలెను. ఆపరేషనైనవానిచేత మూడు బంతుల స్పైరోమీటరును పీల్పించుట ఆ అడ్డు పడకుండ ముందుజాగ్రత్తయే. పెదవులు నీలమెక్కి, నాడి వడిగా కొట్టుకొని, రక్తపుపోటు పడిపోవుచున్నచో అది నిమిషములలో ప్రాణము తీయు గాలిపోటు, ఎక్స్‌రేకై కూర్చుండరాదు.

కొలదిగాలి ఉన్నచో విశ్రాంతియు పరిశీలనయు చాలును; శరీరమే దానిని పీల్చుకొనును. ఎక్కువైనచో సూదితో లాగుదురు, లేదా చంకక్రింద గొట్టమువేసి దాని కొసను నీటిసీసాలో ముంచుదురు. హాంబర్గు వైద్యుడు బ్యూలావు 1875 ప్రాంతమున చీము తీయుటకు వాడిన ఉపాయమే యిది: గాలి బుడగలై వెలుపలికి పోవును గాని, నీరు అడ్డుపడి లోనికి రాదు. మరల మరల కుంగువారికి రెండు పొరలను అతికించి వేయుదురు. ఒకప్పుడు కోసి విడదీసిన అతుకులనే నేడు కోరి కల్పించుట!

ఆ సూది అదియే, ఆ చంకయు అదియే, ఆ నీటిసీసాయు దానికి చుట్టమే. తిరిగినది గాలి దిక్కు మాత్రమే. పానకము పోయువాడు గుటక చప్పుడాగుటకై చెవియొగ్గి నిలుచునట్లు, మంచము ప్రక్కనున్నవారు సీసాలోని బుడబుడ ఎప్పుడాగునా యని కాచియుందురు. అయితే చప్పు డాగినంతమాత్రమున వైద్యుడు గొట్టము తీయడు. గొట్టము మూసుకొనిపోయినను చప్పు డాగును గదా! నీటిమట్టపు ఊగిసలాట చూచి, ఎక్స్‌రేలో తిత్తి గోడను తాకినదని కన్నులార చూచిన పిమ్మటనే తీయును. కొండమీదివలె ఇచ్చట సగముతో తృప్తిపడుట లేదు. తిత్తి నిండుగా లేచినగాని రోగిని ఇంటికి పంపరు.