చేపల కొట్టు ఇల్లాలు అడిగిన మాట

2004 సునామీ తర్వాత మన చేపను ఎవరూ కొనని రోజులు సభ్యులకు గుర్తే ఉంటాయి. సముద్రంలో శవాలున్నాయి, చేప తినకూడదు అని ఊరూరా మాట పుట్టింది. తట్ట దించమనే వాళ్ళే లేరు. అంతకు యాభై ఏళ్ళ ముందు జపాన్ చేపల వాళ్ళకు ఇంకా పెద్ద కష్టం వచ్చింది.

1954 మార్చి 1న అమెరికా పసిఫిక్ సముద్రంలో, బికినీ దీవుల దగ్గర హైడ్రోజన్ బాంబు పేల్చి చూసింది. 160 కిలోమీటర్ల దూరంలో సూర చేపల వేటకు పోయిన జపాన్ పడవ ఒకటి ఉండింది. పేరు ఐదో ఫుకుర్యు మారు. అందులోని 23 మంది మీద తెల్లటి బూడిద వానలాగా పడింది. ఒళ్ళు కాలింది, జుట్టు ఊడింది. వైర్‌లెస్ పని చేసే కుబొయామా సెప్టెంబర్ 23న చనిపోయినాడు. ఆ ఏడాది 850కి పైగా పడవల చేపలో అణుబూడిద విషం బయటపడి పారబోశారు. టోక్యో మార్కెట్లో గుంత తీసి పూడ్చినారు. దాంతో మంచి చేపనూ జనం ముట్టలేదు.

టోక్యోలో సుగినామి అని ఒక పేట. ఏప్రిల్ 16న అక్కడ ఆడవాళ్ళ సభలో సుగావర తొమికో లేచింది. ఆమెది చేపల కొట్టు. బాంబులు ఆపమని మేము సంతకాలు పెట్టిస్తున్నాం, మీరూ కలిసి రండి అని అడిగింది. అంతే. మే నెల నుంచి పేట ఆడవాళ్ళు పార్టీ చూడకుండా ఇల్లిల్లూ తిరిగినారు. పేటలో సుమారు 3 లక్షల 90 వేల మంది ఉంటే రెండు నెలల లోపే 2 లక్షల 60 వేల సంతకాలు దాటాయి. 1955 ఆగస్టుకు దేశమంతా కలిపి 3 కోట్లు! ఆ నెలలోనే హిరోషిమాలో బాంబులకు వ్యతిరేకంగా ప్రపంచ సభ జరిగింది.

ఈ కథ చెప్పేటప్పుడు సమితి నడిపిన యసుయి కవోరు అనే పెద్దమనిషి పేరే ముందు వస్తుంది. ఆయనా కష్టపడ్డాడు, కాదనను. కానీ గడప గడపకూ కాగితం మోసింది ఆడోళ్ళు. మన జిల్లా దూబగుంటలోనూ అంతే. సారా మీద తిరగబడింది ఊరి ఆడోళ్ళంతా. 1993 అక్టోబర్ 1 నుంచి రాష్ట్రంలో సారా ఆగింది. మనకు గుర్తుండేది రోశమ్మ ఒక్కతే.

1963లో అమెరికా, రష్యా, బ్రిటన్ గాలిలో, నీళ్ళలో బాంబులు పేల్చి చూడబోమని ఒప్పందం రాసుకున్నాయి. భూమి లోపల మాత్రం పేలుస్తూనే పోయినారు.