కొత్త కోచ్, పాత జట్టు: ఇండియానా యూనివర్సిటీ 2024 ఫుట్‌బాల్ సీజన్‌పై ఒక పరిశీలన

2023 నవంబరు చివరి వారంలో ఇండియానా యూనివర్సిటీ తన ఫుట్‌బాల్ హెడ్ కోచ్ టామ్ అలెన్‌ను తొలగించింది. ఆ ఏడు జట్టు పన్నెండు ఆటలాడి మూడే గెలిచింది. అంతకు ముందు రెండేళ్లతో కలిపి చూస్తే మూడేళ్లలో 9 గెలుపులు, 27 ఓటములు. నవంబరు 30న ఆ స్థానానికి కర్ట్ సిగ్నెటీ పేరు ప్రకటించారు. సరిగ్గా ఏడాది తిరిగేసరికి, 2024 నవంబరు 30న, అదే యూనివర్సిటీ తన చిరకాల ప్రత్యర్థి పర్డ్యూను 66-0తో ఓడించి రెగ్యులర్ సీజన్‌ను 11-1తో ముగించింది.

ఈ మార్పును అమెరికన్ క్రీడా పత్రికలు ఎక్కువగా కోచ్ వ్యక్తిత్వంతో వివరించాయి. ఆయన ఆత్మవిశ్వాసం, క్రమశిక్షణ, జట్టులో నెలకొల్పిన సంస్కృతి అన్నవి పదే పదే వినిపించాయి. వచ్చిన కొద్ది వారాలకే విలేకరులతో తాను గెలిచే మనిషినని, అనుమానముంటే గూగుల్‌లో వెతుక్కోమని ఆయన అన్న మాట ఆ వివరణకు బాగా అమరింది. ఆ వివరణ పూర్తిగా తప్పని కాదు, కానీ అసలు విషయాన్ని అది కప్పేస్తోంది. 2024లో ఇండియానాకు వచ్చింది ఒక కోచ్ కాదు, అప్పటికే కలిసి ఆడి గెలవడానికి అలవాటుపడిన ఒక బృందం. కొత్తదనమంతా యూనివర్సిటీదే. బృందానికి సంబంధించినంతవరకు అది పాత పని కొనసాగింపే.

ముందుగా ఆ స్థలం గురించి కొంత చెప్పాలి. ఇండియానా యూనివర్సిటీ ఉన్న బ్లూమింగ్టన్ బాస్కెట్‌బాల్ ఊరు. అయిదు జాతీయ టైటిళ్లు, వాటిలో మూడు బాబీ నైట్ కాలంలో వచ్చినవి. ఫుట్‌బాల్ మాత్రం (ఇక్కడ చెబుతున్నది అమెరికన్ ఫుట్‌బాల్ గురించి) చలికాలంలో బాస్కెట్‌బాల్ మొదలయ్యేదాకా కాలక్షేపంగా ఉండేది. జట్టు చరిత్రలో ఏడు వందలకు పైగా ఓటములున్నాయి. 2024కు ముందు ఏ సీజన్‌లోనూ పది ఆటలు గెలిచింది లేదు. 1945లో బో మెక్‌మిలిన్ జట్టు ఒక్క ఆటా ఓడకుండా బిగ్ టెన్ కాన్ఫరెన్స్ టైటిల్ గెలిచింది, 1967లో జాన్ పాంట్ జట్టు రోజ్ బౌల్ దాకా వెళ్లింది. రెండింటికీ తొమ్మిదేసి గెలుపులే. సీజన్ ముగిశాక ఆడే బౌల్ ఆటల్లో అప్పటికి చివరి గెలుపు 1991 నాటిది.

సంస్కృతి అనే వివరణకు పరీక్ష పెట్టాలంటే టామ్ అలెన్‌ను మించిన ఉదాహరణ దొరకదు. ఒకరినొకరు ప్రేమించండి అన్నదే ఆయన జట్టు నినాదం. 2020లో కొవిడ్ వల్ల కుదించిన సీజన్‌లో ఆయన జట్టు 6-2తో నిలిచి, పెన్ స్టేట్‌ను, మిషిగన్‌ను ఓడించినప్పుడు పత్రికలన్నీ ఆ సంస్కృతినే పొగిడాయి. బిగ్ టెన్ ఆ ఏటి ఉత్తమ కోచ్‌గా ఆయననే ఎంచుకుంది. మరుసటి ఏడు అదే నినాదంతో, అదే కోచ్‌తో జట్టు 2-10కి పడిపోయింది. గెలిచినప్పుడు కారణంగా చూపి, ఓడినప్పుడు మరచిపోయే సంగతిని కారణం అనడం కష్టం. పరిశోధకుడికి దాని వల్ల కలిగే ఉపయోగం తక్కువ.

కాబట్టి ఆటగాళ్లు యూనివర్సిటీ మారడాన్ని నిర్ణయించే నియమాల వైపు చూడాలి. దీనికి సిగ్నెటీ సొంత జీవితమే మంచి ఆధారం. 2007లో నిక్ సేబన్ అలబామా హెడ్ కోచ్‌గా చేరినప్పుడు సిగ్నెటీ ఆయన దగ్గర రిసీవర్ల కోచ్, ఆటగాళ్లను ఎంపిక చేసి తెచ్చే పనికి సమన్వయకర్త. సేబన్ అంతటివాడి మొదటి సీజన్ కూడా 7-6. లూసియానా-మన్రో అనే చిన్న జట్టు చేతిలో సొంత మైదానంలో 21-14తో ఓడిన సీజన్ అది. మరుసటి ఏడు 12-2, 2009లో 14-0తో జాతీయ టైటిల్. ఆ రోజుల్లో ఒక యూనివర్సిటీ నుంచి ఇంకో దానికి మారిన ఆటగాడు సాధారణంగా ఒక ఏడాది ఆడకుండా కూర్చోవాలి. అందువల్ల కొత్త కోచ్ మొదటి ఏడాది పాత కోచ్ ఆటగాళ్లతోనే నెట్టుకురావాలి. హైస్కూలు నుంచి తెచ్చుకున్న పిల్లలు ఎదిగేదాకా ఓపిక పట్టక తప్పదు. మొదటి సీజన్‌ను క్షమించడం అభిమానులకు అలా అలవాటైంది.

2018లో, మారదలచిన ఆటగాళ్లు పేరు నమోదు చేసుకునే ట్రాన్స్‌ఫర్ పోర్టల్ వచ్చింది. 2021లో మొదటిసారి మారే ఆటగాడు వెంటనే ఆడవచ్చన్నారు. అదే ఏడు జులై నుంచి ఆటగాళ్లు తమ పేరు, రూపం ఆధారంగా డబ్బు సంపాదించుకునే వీలు కలిగింది. 2024 ఏప్రిల్‌లో, చదువులో షరతులు తీర్చినవాళ్లు ఎన్నిసార్లు మారినా కూర్చోనక్కరలేదని నియమం సడలించారు. కొవిడ్ వల్ల అందరికీ దక్కిన అదనపు ఏడాది పుణ్యమా అని ఇరవై మూడు, ఇరవై నాలుగేళ్ల అనుభవజ్ఞులు అప్పటికి ఇంకా కాలేజీ జట్లలోనే ఉన్నారు. ఈ మార్పులన్నీ ఒకదాని మీద ఒకటి పడ్డ సమయానికి సిగ్నెటీ బ్లూమింగ్టన్‌లో దిగారు.

ఆయన వచ్చింది వర్జీనియాలోని జేమ్స్ మాడిసన్ యూనివర్సిటీ నుంచి. అక్కడ అయిదేళ్లలో ఆయన లెక్క 52-9. ఆ జట్టు 2022లోనే కింది శ్రేణి నుంచి పై శ్రేణికి ఎక్కింది. ఆయన వెంట పదమూడు మంది ఆటగాళ్లు ఇండియానాకు మారారు. లైన్‌బ్యాకర్ ఐడెన్ ఫిషర్, డిఫెన్స్‌లో మికైల్ కమారా, డిఏంజెలో పాండ్స్, రిసీవర్ ఎలైజా సారట్ వాళ్లలో ముఖ్యులు. దాడి వ్యూహం చూసే మైక్ షానహన్, డిఫెన్స్ చూసే బ్రయంట్ హేన్స్ కూడా అక్కడివాళ్లే. సురభి నాటక సమాజం తెరలూ, సామానూ, నటులతో సహా ఇంకో ఊళ్లో దిగినట్టు. ఊరికి నాటకం కొత్త, ఆడేవాళ్లకు కాదు. సమాజంలో లేని పాత్రకు బయటివాణ్ని తెచ్చుకున్నారు. ఒహాయో యూనివర్సిటీలో ఏళ్ల తరబడి ఆడిన క్వార్టర్‌బ్యాక్ కర్టిస్ రూర్క్ చివరి ఏడాది ఇక్కడ గడపడానికి వచ్చి 29 టచ్‌డౌన్ పాస్‌లు వేశాడు. మోకాలి లిగమెంటు తెగి ఉండగానే సీజన్ అంతా ఆడాడని తర్వాత బయటపడింది.

ఆటల సరళిలో ఈ కొనసాగింపు కనిపిస్తుంది. కొత్త కోచ్ జట్టు సాధారణంగా సెప్టెంబరులో తడబడి, నవంబరుకు కుదురుకుంటుంది. ఇండియానా కథ దాదాపు తిరగబడింది. వెస్టర్న్ ఇల్లినాయ్ మీద 77-3, రోజ్ బౌల్ మైదానంలో యూసీఎల్‌ఏ మీద 42-13, అక్టోబరు 19న నెబ్రాస్కా మీద 56-7. మొదటి ఎనిమిది ఆటల్లో ఒక్క నిమిషమైనా స్కోరులో వెనకబడలేదు. నెబ్రాస్కా ఆటలో రూర్క్ బొటనవేలు దెబ్బతింటే, మరుసటి వారం టేవెన్ జాక్సన్ ఆ స్థానంలో నిలబడి వాషింగ్టన్‌ను 31-17తో ఓడించాడు. తొమ్మిదో ఆటలో మిషిగన్ స్టేట్ 10-0తో ముందుకెళ్లగానే ఇండియానా వరసగా 47 పాయింట్లు సాధించింది. ఎవరు ఎక్కడ నిలబడాలో కొత్తగా నేర్చుకుంటున్న జట్టు ఇలా ఆడదు.

నవంబరు 9న మిషిగన్ మీద 20-15 గెలుపు వేరే రకం. రెండో సగంలో దాడి దాదాపు ఆగిపోయింది, డిఫెన్స్ ఒక్కటే ఆటను కాచుకుంది. యూనివర్సిటీ చరిత్రలో పదో గెలుపు దక్కిన మొదటి సీజన్ ఆ సాయంత్రంతో ఖాయమైంది. వారం తిరిగేసరికి సిగ్నెటీకి ఏడాదికి సగటున 80 లక్షల డాలర్ల చొప్పున ఎనిమిదేళ్ల కొత్త ఒప్పందం ఇచ్చారు. వేరే చోటి నుంచి జట్టును వెంట తెచ్చుకున్న మనిషి ఇక్కడి నుంచి కూడా అలాగే తీసుకుపోగలడని యాజమాన్యానికి తెలియనిది కాదు.

షెడ్యూలు తేలికగా దొరికిందన్న విమర్శను తోసిపుచ్చలేం. పద్దెనిమిది జట్లకు పెరిగిన బిగ్ టెన్‌లో ఇండియానాకు ఆ ఏడు ఒరెగన్, పెన్ స్టేట్ ఎదురుపడలేదు. మిషిగన్, వాషింగ్టన్ అంతకు ముందు ఏడు జాతీయ ఫైనల్ ఆడిన జట్లే గానీ, రెండూ కోచ్‌లను, ప్రధాన ఆటగాళ్లను పోగొట్టుకుని ఉన్నాయి. నవంబరు 23న కొలంబస్‌లో తొలి టచ్‌డౌన్ ఇండియానాదే అయినా, ఒహాయో స్టేట్ 38-15తో గెలిచింది. పంట్ (బంతిని దూరంగా తన్ని ప్రత్యర్థికి వదిలేయడం) దగ్గర జరిగిన పొరపాటు ఒకటి, కేలెబ్ డౌన్స్ పంట్‌ను తిప్పి తెచ్చి చేసిన టచ్‌డౌన్ ఇంకొకటి ఆటను లాగేసుకున్నాయి. అంతకన్నా ముఖ్యం, ముందు వరసలో రూర్క్‌ను కాపాడేవాళ్లు నిలవలేకపోయారు. బృందంగా కుదిరిన అలవాటు తప్పుల్ని తగ్గిస్తుంది గానీ ఒంటి బలాన్ని పెంచదు.

డిసెంబరు 20న నోటర్ డేమ్‌లో, పన్నెండు జట్ల ప్లేఆఫ్ మొట్టమొదటి ఆటలో, ఇదే మళ్లీ కనబడింది. జెరమయా లవ్ 98 గజాలు పరుగెత్తి టచ్‌డౌన్ చేశాడు. చివరి నిమిషాల్లో రెండు టచ్‌డౌన్లు వచ్చాయి కాబట్టి 27-17 అని ఉంది గానీ, ఆట అంత దగ్గరగా సాగలేదు. నాలుగో క్వార్టర్‌లో 17 పాయింట్లు వెనకబడి ఉండగా సిగ్నెటీ బంతిని పంట్ చేయించడం నాకు ఇప్పటికీ అంతుపట్టని నిర్ణయం. ఏడాది పొడవునా ముందంజలో ఉండి ఆడిన జట్టుకు వెనక నుంచి ఆడే అలవాటు లేకపోవడం కారణం కావచ్చు.

నా వాదనకు చిక్కు తెచ్చేది జేమ్స్ మాడిసన్ కథ. పదమూడు మందినీ, కోచ్‌లనూ పోగొట్టుకున్న ఆ జట్టుకు హోలీ క్రాస్ నుంచి బాబ్ చెస్నీ వచ్చారు. అదీ కొత్త కోచ్ మొదటి సీజనే. సెప్టెంబరులో నార్త్ కరోలినా మైదానంలో 70-50తో గెలిచి, బౌల్ ఆట కూడా నెగ్గి, 9-4తో ముగించింది. బృందమంతా తరలిపోయాక మిగిలినదానికి కూడా ఈ మాత్రం శక్తి ఉందంటే, సిగ్నెటీ వెంట తీసుకుపోలేనిది ఏదో ఆ యూనివర్సిటీ ఉన్న హారిసన్‌బర్గ్‌లో ఉండిపోయిందనుకోవాలి. అది మైదానమా, దాతల డబ్బా, అక్కడి ఎంపిక పద్ధతా అన్నది ఇండియానా లెక్కల నుంచి తేలదు. ఆ జట్టును విడిగా పరిశీలించాలి.