ఆల్‌ఫ్రెడ్ రాసర్: పాత్రకు దక్కిన స్వేచ్ఛ, నటునికి దక్కని స్వేచ్ఛ

అధిక్షేపం అధికారాన్ని ప్రశ్నిస్తుంది. ఆ ప్రశ్నించే హక్కును సమాజం పాత్రకు ఇస్తుందా, పాత్రను ధరించిన మనిషికి కూడా ఇస్తుందా అన్నది హాస్యరంగ చరిత్రలో తరచుగా ఎదురయ్యే సమస్య. స్విట్జర్లాండ్‌కు చెందిన నటుడు, చలనచిత్ర రచయిత, దర్శకుడు ఆల్‌ఫ్రెడ్ రాసర్ (1907–1977) జీవితం ఈ సమస్యను పరిశీలించడానికి తగిన ఉదాహరణ.

రాసర్ జన్మస్థలం బాజెల్. జర్మనీ, ఫ్రాన్స్ సరిహద్దులు రెండూ కలిసేచోట రైన్ నది ఒడ్డున వెలసిన నగరమది. నాటకరంగంలో శిక్షణ పొందిన అనంతరం ఆయన జ్యూరిక్‌లోని ‘కోర్నిషోన్’ కాబరే బృందంలో చేరాడు. కాబరే అంటే పాటలు, ఏకపాత్రలు, చిన్న ప్రహసనాలతో సాగే రాజకీయ హాస్య ప్రదర్శన. 1934లో ప్రారంభమైన కోర్నిషోన్ పేరుకు అర్థం ఊరవేసిన చిన్న దోసకాయ. పేరుకు తగ్గ పులుపుతోనే ఆ బృందం హిట్లర్, ముస్సోలినీల నియంతృత్వాన్ని ఎగతాళి చేసింది. జర్మనీ, ఇటలీ దౌత్య కార్యాలయాల నుండి దానిపై నిరసనలు వ్యక్తమయ్యాయి. స్థానిక మాండలికమే ఆ వేదికకు బలం. 1943లో రాసర్ బాజెల్‌లో ‘కాక్టుస్’ అనే సొంత కాబరేను నెలకొల్పాడు. ఈసారి పేరులో పులుపు పోయి ముల్లు వచ్చింది.

ఐరోపాలో యుద్ధం ముగిసిన కొద్ది నెలలకు, 1945 డిసెంబరు 31న, ‘హెచ్.డి. సైనికుడు లెప్లి’ నాటకం బాజెల్‌లో తొలిసారి ప్రదర్శితమైంది. చెక్ రచయిత యారోస్లావ్ హాషెక్ సృష్టించిన ష్వేయిక్ పాత్ర దీనికి మూలం. హెచ్.డి. అంటే యుద్ధవిధులకు పనికిరారని తేలినవారిని చేర్చుకునే సహాయక దళం. తెయోఫిల్ లెప్లి ఆ దళంలో ఒక అమాయకుడు. అతడు ఎదురుతిరగడు. ఇచ్చిన ఆజ్ఞను అక్షరాలా పాటిస్తాడు, ఆ విధేయతతోనే ఆజ్ఞలోని డొల్లతనాన్ని బయటపెడతాడు. యుద్ధకాలమంతా సరిహద్దుల్లో కాపలా కాసిన పౌరసైనికులు ఆ నాటకంలో తమ అనుభవాన్నే చూసుకొని నవ్వారు. సైన్యాన్ని పవిత్రంగా భావించే దేశంలో సైన్యంపై అంతటి హాస్యం చెల్లుబాటు కావడానికి కారణం లెప్లి అమాయకత్వమే. మన సంస్కృత నాటకాలలోని విదూషకునివలె అతని మాట ఎవరినీ నొప్పించినట్లు కనిపించదు.

1954లో రాసర్ ఒక ప్రతినిధి బృందంతో కలిసి చైనా వెళ్లాడు. ఆ ప్రయాణంతో పరిస్థితి తారుమారయింది. కమ్యూనిస్టు చైనాను స్విట్జర్లాండ్ ప్రభుత్వం 1950లోనే గుర్తించింది. రాజ్యానికి తప్పు కాని సంబంధం నటునికి తప్పయింది. ప్రచ్ఛన్న యుద్ధ వాతావరణంలో ఆయన బహిష్కరణకు గురయ్యాడు, అవకాశాలు మూసుకుపోయాయి. నియంతలను ఎగతాళి చేసినందుకు మెచ్చుకున్న సమాజమే, తన కళ్లతో ఒక దేశాన్ని చూసివచ్చినందుకు ఆయనను దూరంపెట్టింది. ఇక్కడ శిక్ష పడింది అధిక్షేపానికి కాదు. వేషం తీసి సొంత ముఖంతో నిలిచిన పౌరునికి.

ఆయనను తిరిగి ప్రజల మధ్యకు తెచ్చినది లెప్లి పాత్రే కావడం గమనార్హం. 1957లో కుమారుడు రోలాండ్ రాసర్ బాజెల్‌లో ఫోతేయ్ రంగశాలను స్థాపించాడు. 1959లో ‘హెచ్.డి. సైనికుడు లెప్లి’, 1961లో ‘ప్రజాస్వామ్యవాది లెప్లి’ చలనచిత్రాలుగా వచ్చాయి. రెండింటిలోనూ రాసరే ప్రధాన పాత్రధారి, రెండింటికీ ఆయనే దర్శకుడు. మొదటి చిత్రం లక్ష్యం సైన్యమైతే, రెండవ చిత్రం శీర్షికలోనే ప్రజాస్వామ్యం పరీక్షకు నిలిచింది.

1967లో స్వతంత్రుల కూటమి పక్షాన రాసర్ జాతీయ సభకు ఎన్నికై 1975 వరకు సభ్యుడిగా కొనసాగాడు. ఒకప్పుడు అనుమానించి దూరంపెట్టిన దేశం ఓటు ద్వారా ఆయన మాటకు చట్టసభలో చోటు కల్పించింది. అయితే కోల్పోయిన సంవత్సరాలు తిరిగి రాలేదు. ఆయన మరణించిన పన్నెండేళ్లకు, 1989లో, స్విట్జర్లాండ్ పోలీసు వ్యవస్థ సుమారు 9,00,000 రహస్య నమోదులను నిర్వహించినట్లు వెల్లడైంది. రాసర్ ఎదుర్కొన్న అనుమానం ఏ ఒక్కరి ద్వేషమో కాదని, ఒక కాలపు స్వభావమని దీనివల్ల అర్థమవుతుంది.

ఒక సమాజంలోని భావస్వేచ్ఛను అది మెచ్చుకునే హాస్యపాత్రలనుబట్టి మాత్రమే కొలవడం సరికాదు. ఆ పాత్రధారి వేదిక దిగిన తరువాత అతనిపట్ల ఎలా వ్యవహరించిందన్నదే సరైన కొలమానమని రాసర్ జీవితం నిరూపిస్తున్నది.