మధ్య మెట్టు దొరలు

మాసబ్ ట్యాంక్ అన్న పేరులో ఒక రాణి ఉంది. 'మా సాహెబా'గా పేరొందిన కుతుబ్‌షాహీ రాణి హయాత్ బక్షీ బేగం ఆమె. చెరువు పోయింది, పేరు మిగిలింది. పై మెట్టు ప్రభువుల పేర్లు నగరంలో ఇట్లా నిలిచాయి. నిజాముకూ రైతుకూ నడుమ నిలిచిన దేశముఖుల గుర్తులను మాత్రం పల్లెల్లోని గడీలలో వెతకాలి.

మొదట వీరు పన్ను వసూలు చేసే గుత్తదారులు. 1865లో సాలార్‌జంగ్ జిలాబందీతో ఆ హక్కు తీసివేసి, బదులుగా రుసుం ఏర్పాటు చేశాడు. వసూలు హక్కు పోయినా భూమి పెరిగింది. భూమితో పాటు వెట్టీ పెరిగింది. రైతు నిజామును చూడలేదు, దొరనే చూశాడు. 1946 జులై 4న కడవెండిలో దొడ్డి కొమరయ్యను బలిగొన్న తుపాకి విసునూరు దేశముఖు మనుషులది.

1949లో జాగీర్లు రద్దయినాయి. దేశముఖుల పట్టా భూములు జాగీర్లు కావు గనుక ఆ శాసనం వాటి జోలికి పోలేదు. పై మెట్టు కూలినా మధ్య మెట్టు నిలిచింది. కాబట్టి నిజాం పతనంతో కథ ముగించే రచన సగం చరిత్రే చెబుతుంది. దాశరథి రంగాచార్య తన నవలకు 'చిల్లర దేవుళ్ళు' అని పేరు పెట్టడంలోని విజ్ఞత ఇదే. తెలంగాణ చరిత్రను ఇతివృత్తంగా స్వీకరించే రచయిత ముందుగా లెక్క తేల్చుకోవలసింది ఈ చిల్లర దేవుళ్ళతోనే.